నేను ఇంజంక్షన్ ఆర్డరు కాపీని

ఎల్బీనగర్‌లోని రంగారెడ్డి జిల్లా కోర్టుల ప్రాంగణంలో పుట్టాను. అర్జీ పెట్టిన తేదీ, నకలు ఇచ్చిన తేదీ రాసి, గుండ్రటి ముద్ర వేసి, సంతకం చేసి చేతికిచ్చారు. నా విలువంతా లోపలున్న మాటలది. దావా తేలేదాకా కొత్తపేటలోని ఆ ప్లాటులో వాది స్వాధీనానికి ప్రతివాది గానీ, అతని మనుషులు గానీ అడ్డు తగలకూడదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డరు 1, 2 రూల్స్ కింద, ఇరుపక్షాల వాదనలూ విన్నాకే కోర్టు ఆ మాట ఖాయం చేసింది.

నన్ను అందుకున్న రోజు, వాది అయిన టీచరమ్మ కళ్లకద్దుకుంది. రిటైరయ్యాక వచ్చిన డబ్బుతో కొన్న ప్లాటు అది. మెట్రో వచ్చాక దిల్‌సుఖ్‌నగర్ నుంచి ఎల్బీనగర్ దాకా గజం జాగా మీద కూడా ఎందరి కళ్లో పడ్డాయి. ఆర్డరు వచ్చిందిగా, ఇంకెవరూ రారని నన్ను బీరువాలో చీరల అడుగున దాచేసింది. ఆవిడ మీద నాకున్న కోపం అదొక్కటే. ఆ రోజే నన్ను పోలీస్ స్టేషన్‌లో ఇచ్చి, ముట్టినట్టు ముద్ర వేయించుకోవాల్సింది.

ఒక రాత్రి జేసీబీ వచ్చింది. ప్రహరీ కూలింది. తెల్లారేసరికి ఎవరివో కొత్త కడీలు పాతి ఉన్నాయి.

అప్పుడు బయటికి తీసింది నన్ను. స్టేషన్‌లో అధికారి మొదటి పేజీ కూడా తిప్పలేదు.

"అమ్మా, ఇది సివిల్ మ్యాటర్. కోర్టులో చూసుకోండి."

"కోర్టు నుంచే వస్తున్నాను సార్."

ఆ మాటకు జవాబు రాలేదు. నన్ను బల్ల మీద పెట్టించుకుని ఆవిణ్ని పంపేశారు. నా మీద టీ గ్లాసు పెట్టారు. జడ్జి సంతకం పక్కనే గోధుమరంగు మరక పడింది. ఆ తర్వాత పాత పేపర్ల కట్టలోకి చేరాను. మళ్లీ మళ్లీ తిరిగి, బతిమాలి, ఆవిడే నన్ను వెతికి తెచ్చుకుంది.

ఆ అధికారి మాటలో కొంత న్యాయముంది, కాదనను. భూమి ఎవరిదో తేల్చే అధికారం పోలీసులకు లేదు. కానీ నేను తేల్చమని అడగలేదు. అప్పటికి స్వాధీనం ఎవరిదో కోర్టు చెప్పేసింది, దాన్ని నిలబెట్టమన్నాను. అదీగాక చొరబడటం, గోడ కూల్చి నష్టం చేయడం భారతీయ న్యాయ సంహిత 329, 324 సెక్షన్ల కింద నేరాలు కూడా.

దిల్‌సుఖ్‌నగర్ సందులో ఆఫీసున్న అడ్వకేటు నన్ను మొదటి నుంచి చివరి దాకా చదివాడు. ఆర్డరు ధిక్కరించినవాడి ఆస్తి జప్తు చేయించవచ్చు, మూడు నెలల వరకు సివిల్ జైలుకు పంపించవచ్చు. అది 39వ ఆర్డరు 2ఏ రూలు. "అది శిక్షమ్మా. మీకు ముందు కావలసింది రక్షణ" అన్నాడు. దానికి సివిల్ ప్రొసీజర్ కోడ్ 151వ సెక్షన్ కింద పోలీస్ ఎయిడ్ పిటిషన్ వేయాలి. ఇంజంక్షన్ అమలుకు సాయపడమని పోలీసులను ఆదేశించే సహజాధికారం సివిల్ కోర్టుకు ఉందని అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఎప్పుడో చెప్పింది. ఏఐఆర్ (ఆల్ ఇండియా రిపోర్టర్) 1971 ఆంధ్రప్రదేశ్ సంపుటంలో 53వ పేజీలో ఆ తీర్పు ఉంది.  అయితే హైకోర్టులో రిట్ వేసి, పోలీస్ రక్షణ పేరుతో సివిల్ హక్కులు తేల్చుకోవడం కుదరదని సుప్రీంకోర్టు 2006లో హెచ్చరించింది. అందుకే దావా నడుస్తున్న కోర్టుకే వెళ్లారు.

నాకు కూలిన గోడ ఫొటోలు, రిజిస్టర్డ్ పోస్టులో పంపిన ఫిర్యాదు రసీదు జతచేశారు. ఆ మరకతోనే జడ్జిగారి ముందుకెళ్లాను. అవతలి పక్షాన్నీ విని, ఆర్డరు అమలుకు సాయం చేయాలని కోర్టు స్టేషన్ హౌస్ ఆఫీసరును ఆదేశించింది. పోలీసుల కాపలాలో మేస్త్రీ గోడ మళ్లీ లేపాడు. నా మాట గోడై నిలబడిన ఆ పూట గర్వపడ్డాను.

ఇప్పుడు అందరూ అడిగేది ఆ పోలీస్ ఎయిడ్ ఆర్డరునే. నేను అడ్వకేటు ఆఫీసు అటక మీద, ఎర్ర దారం కట్టలో, బొద్దింకల మధ్య ఉన్నాను. మడతల దగ్గర చిరుగుతున్నాను. అయినా ఆ కొత్త ఆర్డరు నిలిచేది నా మీదే. నేను రద్దయితే దానికీ బలముండదు. దావా ఇంకా వాయిదాల్లోనే ఉంది.

నాలాంటి కాగితం మీ చేతికొస్తే దాచకండి. అదే రోజు స్టేషన్‌లో ఇచ్చి ముద్ర వేయించుకోండి. ఎవరైనా హద్దు దాటితే తేదీతో సహా రాసిపెట్టి, ఫొటో తీసి, ఆలస్యం చేయకుండా దావా ఉన్న కోర్టుకే వెళ్లండి. స్టేషన్‌లో కూర్చున్న అయ్యలారా, నన్ను పక్కన పెట్టే ముందు ఒక్కసారి చివరి పేజీ దాకా చదవండి.