చిట్టి సమోసా పద్యానికి టీకా తాత్పర్యం

మూలం:

ఉల్లి సన్న తరిగి యుప్పుతోఁ బిండక
నీటి నటుకు పీల్చ నిమిష మాగి
మూట కట్టి మూడు మూలలు ముద్రించి
సన్న సెగను వేపి సఖుల కొసగు

అవతారిక:

కాళిదాసు కావ్యాలకు వ్యాఖ్యలు రాసిన కొలచాల మల్లినాథసూరి మన మెతుకుసీమ కొల్చారం వాడు. మూలంలో లేనిది రాయననీ, అక్కర్లేనిది చెప్పననీ ముందే ప్రతిజ్ఞ పట్టి మరీ కలం పట్టాడు. ఈ టీకాకారుడికి అలాంటి నియమాలేవీ లేవు. ఉంటే ఈ పాటికి టీక ముగిసేది, పొయ్యి మీద టీ కూడా ఇంతగా మరిగేది కాదు.

పద్యకర్త ఎవరో తెలియదు. ఎవరింట్లో అడిగినా మా అత్తయ్యే అంటారు. 'వేపి' అన్నాడు గాని తెలంగాణలోలా 'గోలించి' అనలేదు కనుక పుట్టుక కృష్ణా గోదావరుల వైపనీ, చెప్పిన వంటకం ఇరానీ హోటళ్ల చిట్టి సమోసా కనుక కాపురం హైదరాబాదులోననీ ఊహించవచ్చు. సందర్భం సాయంకాలపు విందు. అతిథులు బయల్దేరామని ఫోన్ చేశారు. అంటే ఇంకా ఇంట్లోనే ఉన్నారు.

ప్రతిపదార్థం:

ఉల్లి = ఉల్లిపాయను (తెలంగాణ ప్రతుల్లో ఉల్లిగడ్డను); సన్న తరిగి = సన్నగా, నిలువుగా కోసి ('గా' ఛందస్సు కోసం ఎగిరిపోయింది, క్షంతవ్యం); ఉప్పుతోన్ = ఉప్పు చేర్చి; పిండక = చేత్తో పిండి నీరు తీయక; నీటిన్ = ఆ ఉల్లి విడిచిన నీటిని; అటుకు = అటుకులు (జాత్యేకవచనం, ఒక్క అటుకు చాలదు); పీల్చన్ = పీల్చుకునేటట్లు; నిమిషము ఆగి = కాస్త ఓపిక పట్టి; మూట కట్టి = మైదా పట్టీలో పొదిగి; మూడు మూలలు = మూడు కొనలను; ముద్రించి = అంటించి; సన్న సెగను = చిన్న మంట మీద; వేపి = నూనెలో వేయించి; సఖులకున్ = స్నేహితులకు; ఒసగు = ఇయ్యి.

తాత్పర్యం:

ఉల్లి సమోసాలు చేసి వచ్చినవాళ్లకు వేడివేడిగా పెట్టమని భావం. ఇంతే అయితే పద్యం ఎందుకు, వాట్సాప్‌లో రెండు ముక్కలు చాలవా అంటారా? అందుకే విశేషార్థం.

విశేషం:

మొట్టమొదట గమనించవలసింది, ఈ పద్యంలో సమోసా అన్న మాటే లేదు. ఉల్లి ఉంది, అటుకు ఉంది, మూలలున్నాయి, సెగ ఉంది, తినేవాళ్లున్నారు. చెప్పవలసినదాన్ని చెప్పకుండా స్ఫురింపజేసే ధ్వనే కావ్యానికి ఆత్మ అని ఆనందవర్ధనుడు 9వ శతాబ్దంలో అన్నాడు కదా, మా కవి దాన్నే పాటించాడని ఒక వర్గం మురిసిపోతుంది. అసలు కారణం వేరు. ఇది ఆటవెలది. 1, 3 పాదాల్లో మూడు సూర్యగణాలు, రెండు ఇంద్రగణాలు. 2, 4 పాదాల్లో అయిదూ సూర్యగణాలే. 'సమోసా' అంటే లఘువు మీద రెండు గురువులు, అచ్చమైన యగణం. అది సూర్యుల్లోనూ లేదు, ఇంద్రుల్లోనూ లేదు. పట్టించాలంటే 'స'ను ఒక గణం తోకకూ 'మోసా'ను మరో గణం తలకూ తగిలించాలి. సమోసాను అలా విరిచి పళ్లెంలో పెట్టడం మర్యాద కాదు. అందుకని కవి ధ్వనిని ఆశ్రయించాడు. ధ్వనిని ఆశ్రయించిన కవుల్లో ఎక్కువమంది ఇలాగే ఆశ్రయించి ఉంటారని నా అనుమానం.

ఇక 'ఉల్లి'. ఆలుగడ్డ వాదులు ఇక్కడ లేచి నిలబడతారు. సమోసా అంటే ఆలుదేననీ, ఉల్లిది మధ్యలో వచ్చిందనీ వారి పూర్వపక్షం. సమాధానం: 14వ శతాబ్దంలో ఈ దేశానికి వచ్చిన ఇబ్న్ బతూతా తాను తిన్న విందులో సమోసాను వర్ణించాడు. మాంసం కొట్టి, బాదం, పిస్తా, ఉల్లి, మసాలాలతో వండి, పల్చటి రొట్టెలో చుట్టి నేతిలో వేయించారట. మనిషికి నాలుగో అయిదో వడ్డించారట. అందులో ఉల్లి ఉంది. ఆలుగడ్డ లేదు, ఉండే వీలూ లేదు. అది అమెరికా ఖండం నుంచి ఓడలెక్కి రావడానికి ఇంకా చాలా కాలం పట్టింది. కనుక మధ్యలో వచ్చింది ఎవరో సభ్యులే తేల్చుకోవచ్చు. మనిషికి నాలుగన్న లెక్కను మాత్రం కళ్లకద్దుకుని తీసుకోవాలి. 20 మంది వస్తే 80. దానికి అరకిలో ఉల్లి, ఒక కప్పు పల్చటి అటుకులు సరిపోతాయి. దొడ్డు అటుకులు వేస్తే పంటికింద రాళ్లవుతాయి, కవిని తిట్టి లాభం లేదు.

పాఠాంతరం:

కొన్ని వంటిళ్లలో మొదటి పాదం 'ఉప్పుతోఁ బిండగ' అని వినిపిస్తుంది. ఒక్క అక్షరమే తేడా. గణం చెడదు, యతి చెడదు, వంట మాత్రం తలకిందులవుతుంది. ఉల్లికి ఉప్పు తగలగానే దాని నీరు బయటికి నడిచి వస్తుంది. పిండే సంప్రదాయం వారు ఆ నీటిని గట్టిగా పిండి సింకులో పోస్తారు. కూరడానికైతే పొడిగా, హాయిగా ఉంటుంది. కానీ ఉల్లి ఘాటు, తీపి, వేసిన ఉప్పులో సగం ఆ నీటితోనే కాలువలో కలుస్తాయి. లోపల మిగిలేది పీచు. ఆలంకారికులు దీన్నే రసభంగమంటారు.

'పిండక' అన్నదే గ్రాహ్యం. సాక్ష్యం రెండో పాదంలోనే ఉంది. పిండేస్తే ఇక అటుకులు పీల్చడానికి నీరెక్కడిది? ఉల్లి తన నీటిని విడవాలి, ఆ నీరు గిన్నె దాటకూడదు, పట్టీని తాకకూడదు. మధ్యలో అటుకు నిలబడి పీల్చుకుని, నూనెలో పడ్డాక ఆవిరిగా తిరిగి ఉల్లికే ఇచ్చి దాన్ని మగ్గించాలి. పచ్చి ఉల్లినే పట్టీలో పెట్టి వేయించగలగడం వెనక మర్మం ఇది. నన్నడిగితే ఈ పద్యానికి నాయకుడు నీరు. సమోసా నాలుగో పాదంలో గాని రంగం మీదికి రాదు, వచ్చినా పేరు చెప్పుకోదు.

'నిమిష మాగి' అన్నచోట వివాదముంది. తెలుగువాడి నిమిషానికి కొలత లేదు. 'ఒక్క నిమిషం' అని లోపలికెళ్లిన మనిషి స్నానం చేసి వస్తాడు. అటుకులు మెత్తబడడానికి అయిదారు నిమిషాలు కావాలి. పావుగంట దాటితే మాత్రం ఉల్లి ఇంకా నీరు వదులుతూనే ఉంటుంది, అటుకులు ఇక చాలని చేతులెత్తేస్తాయి. అందుచేత తెలిసినవాళ్లు పచ్చిమిర్చి, కొత్తిమీర, జీలకర్ర, కారం అన్నీ ముందే కలిపి ఉంచి, ఉప్పు మాత్రం చుట్టబోయే వాయికి మాత్రమే, అప్పటికప్పుడు వేస్తారు. కవి ఈ సంగతి చెప్పలేదు. అత్తయ్యలు కూడా చెప్పరు.

'మూట కట్టి': ఇక్కడ కవి రెండే మాటల్లో దాటేసిన పని, వంటింట్లో రెండు గంటలు పడుతుంది. పట్టీలు బజారులో దొరుకుతాయి, దొరికితే తెచ్చుకోవడంలో నామోషీ లేదు. ఇంట్లో చేసే పద్ధతి చూడదగ్గది. మైదాలో ఉప్పు, చెంచాడు నూనె వేసి గట్టిగా కలిపి, చిన్న పూరీలు వత్తి, ఒక్కొక్కదానికి నూనె రాసి పొడిపిండి చల్లి, నాలుగైదు ఒకదాని మీద ఒకటి పేర్చి, మొత్తాన్ని ఒక్కటిగా పల్చగా వత్తాలి. పెనం మీద రెండు వైపులా రంగు మారకుండా వెచ్చచేయాలి. పొరల మధ్య చేరిన ఆవిరి వాటిని విడదీస్తుంది. ఇక్కడా నీరే పని చేసిందని గమనించగలరు. వేడిగా ఉండగానే పొరలు ఊడదీసి, రెండంగుళాల వెడల్పు పట్టీలుగా కోసి, తడిబట్ట కింద దాచాలి. తడిబట్ట మరిస్తే ఎండి, మడిచినచోటల్లా చిట్లుతాయి. బట్ట మరీ తడిగా ఉంటే అన్నీ కలిసి మళ్లీ పిండి ముద్దవుతాయి.

పట్టీ ఒక కొసను మడిచి పొట్లంలా చేసి, చెంచాడు ఉల్లి పెట్టి, మిగిలిన తోకను దాని చుట్టూ తిప్పి అంటించాలి. రెండు చెంచాలు పెట్టాలనిపిస్తుంది. పెట్టకూడదు.

'ముద్రించి': రాజపత్రానికి లక్క, దీనికి మైదా లై. మైదాలో నీళ్లు కలిపిన ఈ జిగురును వేలితో పల్చగా రాయాలి. మూడు మూలలన్నాడు గాని అసలు ప్రాణం కింది కొనలో ఉంది. పొట్లం మొన దగ్గర సూది మోపినంత సందు మిగిలినా నూనె లోపలికి దూరుతుంది. తినేవాడి చొక్కా మీద దాని చారిక ఉతికినా పోదు.

మూడుకు బదులు 'నాల్గు మూలలు' అని చదివే సంప్రదాయం ఒకటుంది. ఛందస్సు కాదనదు. అది లుఖ్మీ. హైదరాబాదీ దావతుల్లో బిర్యానీకి ముందొచ్చే చదరపు ముక్క, లోపల ఖీమా. దానికి వేరే టీక రాయాలి, మొదటి పాదాన్నీ తిరగరాయాలి. రాసేవారెవరైనా పూనుకుంటే పిండి కలిపి పెట్టడానికి నేను సిద్ధం.

'సన్న సెగను': మొదటి పాదంలో ఒకసారి, నాలుగో పాదంలో మరోసారి 'సన్న' వచ్చింది. పునరుక్తి దోషమని తొందరపడకండి. రెండు సన్నలకూ లంకె ఉంది. ఉల్లి లావుగా కోస్తే అది మగ్గేలోపు పట్టీ మాడుతుంది. మంట పెద్దదైతే ఉల్లి ఎంత సన్నగా ఉన్నా లాభం లేదు, పైన ఎర్రగా, లోపల పచ్చిగా ఉంటుంది. పట్టీలోని తడి ఒక్కసారిగా ఆవిరై పైన బొబ్బలు లేస్తాయి. 160, 170 డిగ్రీల మధ్య నూనె ఉండాలి. వంటింట్లో థర్మామీటరు జ్వరానికి తప్ప వాడని ఇళ్ల కోసం గుర్తు: చిన్న పట్టీ ముక్క వేస్తే వెంటనే ఎగిరిపడకుండా, చిరుబుడగలతో నెమ్మదిగా పైకి తేలాలి. మంట మరీ తగ్గిస్తే ఇంకో బాధ. నూనె తాగి బరువెక్కుతాయి.

వేగేటప్పుడు మూకుట్లో కనబడే బుడగలన్నీ నీటి ఆవిరే. ఆ వేడికి నూనె మరగదు. బుసబుస తగ్గి, బుడగలు చిన్నవై, చప్పుడు సన్నగిల్లిందంటే పట్టీలో నీరు పోయిందని అర్థం. కళ్లతో కాక చెవులతో వేయించేవాళ్లు నిజమైన రసికులు. మూకుడు నిండా ఒకేసారి వేస్తే ఈ సంగీతమంతా ఒక్కసారిగా ఆగిపోతుంది. నూనె చల్లబడిందన్నమాట. ఓ ఎనిమిది, పది చాలు.

'సఖుల కొసగు': ఒసగు అన్నాడు, దాచు అనలేదు. 'వేపి' తర్వాత ఇంకో క్త్వార్థకం లేదు. వేపి, డబ్బాలో పెట్టి, మూత వేసి, ఆ తర్వాత ఒసగమని ఎక్కడా లేదు. హాట్‌ప్యాక్ అనే పాత్ర ఈ పద్యానికి పరమ శత్రువు. ఇంతసేపూ బయటికి పంపిన నీరంతా మూత కింద చెమటై సమోసాల మీదే కారుతుంది. చిల్లుల గిన్నెలో నిలువుగా నిలబెట్టాలి, గాలి ఆడాలి.

సఖులు ఆలస్యంగా వస్తేనో అన్న ప్రశ్న సహజం. రంగు రాకముందే తీసి, ఆరబెట్టి, వాళ్లు చెప్పులు విప్పుతుండగా కాస్త ఎక్కువ వేడిలో రెండోసారి వేయించాలి. మిఠాయి దుకాణాల వాళ్లు చేసేదీ ఇదే. ముందురోజే పచ్చివి చుట్టి ఫ్రిజ్‌లో పెట్టడం మాత్రం పనికిరాదు. రాత్రంతా ఉల్లి ఊరుకోదు.

సఖులన్న మాటలో వంటింట్లో తచ్చాడే పిల్లలు చేరతారా? వ్యాఖ్యాతల్లో ఏకాభిప్రాయం లేదు. ఆచరణలో మొదటి వాయి వారిదే. 80కి 100 చుట్టడం అందుకే. కెచప్ ప్రస్తావన మూలంలో ఎక్కడా లేదు, కొన్ని ప్రతుల్లో కనిపించేది ప్రక్షిప్తం. ఉప్పు చల్లిన వేయించిన పచ్చిమిర్చి, పక్కన చాయ్ మాత్రం అనుమతి అక్కర్లేని ఆచారం.

ఫలశ్రుతి:

ఈ విధంగా చేసి పెట్టినవారి ఇంట పళ్లెం ఖాళీ అవుతుంది. చివరి సమోసా చేతిలో పట్టుకుని ఒక అతిథి, చాలా బాగున్నాయండీ, ఏ బేకరీలో తెచ్చారు, అని అడుగుతాడు. ఇది వ్యాజస్తుతి అని కొందరు, వ్యాజనింద అని కొందరు. ఉదయం నుంచి ఉల్లి తరిగినవారి అభిప్రాయం ఇంకా రావలసి ఉంది.