పేరు చెప్పు, రాసుకుంటాను

ఐర్లండ్ హైకోర్టు జడ్జిగా రిటైరైన డెర్మట్ కిన్లెన్ 2002లో ఆ దేశపు జైళ్ల ఇన్‌స్పెక్టర్ అయ్యారు. జైళ్ల దుస్థితి గురించి మొహమాటం లేకుండా రాసిన మనిషి. ఆయన జైళ్ల తనిఖీకి వెళ్లింది జడ్జి పదవి దిగాకే. మన దగ్గర అలా కాదు. పొద్దున బెంచీ మీద కూర్చుని రిమాండుకు పంపే జడ్జిగారే, మరో రోజు విజిటర్‌గా జైలుకు వెళ్లి ఖైదీల బాగోగులు చూడాలి. తీహార్ జైలు నుంచి సునీల్ బాత్రా అనే ఖైదీ రాసిన ఉత్తరాన్నే పిటిషన్‌గా తీసుకుని, 1979లో సుప్రీంకోర్టు జిల్లా జడ్జీలకు ఈ బాధ్యతను గట్టిగా గుర్తుచేసింది. జైళ్లలో ఫిర్యాదుల పెట్టెలు పెట్టమన్నదీ ఆ తీర్పే.

అలా చంచల్‌గూడ జైలుకు వెళ్లిన ఒక జడ్జిగారి కథ ఇది.

ఆయన మంచి మనిషి. చిన్న కేసుల్లో ఎవరినీ లోపల ఉంచడం ఆయనకు నచ్చదు. జూనియర్ వకీళ్లు కనిపిస్తే మోతీరాం కేసు చదివారా అని అడిగేవారు. 1978 నాటి కేసు అది. మధ్యప్రదేశ్‌లో మోతీరాం అనే తాపీమేస్త్రీకి సుప్రీంకోర్టే బెయిలిచ్చినా, కింది మేజిస్ట్రేట్ 10,000 రూపాయల షూరిటీ అడిగాడు. తోడబుట్టినవాడు ముందుకొస్తే, ఆస్తి వేరే జిల్లాలో ఉందని కాదన్నాడు. జస్టిస్ కృష్ణయ్యర్ 1,000 రూపాయల సొంత పూచీకత్తు మీద వదిలేయమన్నారు. "పేదవాడికి కాగితం మీద బెయిలిస్తే చాలదయ్యా, వాడు ఇల్లు చేరాలి" అనేవారు జడ్జిగారు.

ఆ శనివారం ఆయన కారు దారుల్‌షిఫా, మీర్ ఆలం మండీ మీదుగా చంచల్‌గూడ చేరింది. నిజాం జమానాలో 1876లో కట్టిన జైలు. జడ్జిగారు మొక్కుబడిగా తిరగలేదు. వంటశాలలో పప్పు గుండిగను అడుగుదాకా కలిపించి చూశారు. రొట్టె తుంచి నోట్లో వేసుకున్నారు. మరుగుదొడ్ల తలుపులు తానే తోశారు. ఫిర్యాదుల పెట్టె తాళం తీయించి చీటీలన్నీ చదివారు.

విచారణ ఖైదీల బ్యారక్‌లో ఒక నడివయసు మనిషి గోడవారగా నిలబడి ఉన్నాడు. పాలమూరు నుంచి వచ్చి మీర్ ఆలం మండీలో హమాలీ పని చేసుకునేవాడు. బస్తాలు మోసి మోసి ఒక భుజం కిందికి దిగిపోయింది.

"ఏం కేసయ్యా?"

"సెల్‌ఫోన్ దొంగతనమంట సార్. నేను తియ్యలే."

"ఎన్నాళ్లయింది?"

"ఎనిమిది నెలలు."

జడ్జిగారు విజిటర్స్ బుక్ తెప్పించుకున్నారు. "బెయిలు రాలేదా?"

"తొలి పేషీకే వచ్చింది సార్. ఇరవై వేలకు ఇద్దరు షూరిటీలు గావాలన్నరు. ఊరోళ్లను అడిగిపిచ్చిన, ఎవ్వరు రాలే. మండీల సేటు ఇంటి కాగితం ఇయ్యనన్నడు. ఇంటామె రెండు ములాఖత్‌లకు వచ్చింది. బస్సుకు పైసల్లేక మళ్ల రాలే."

అంగీ జేబులోంచి ప్లాస్టిక్ కవర్‌లో పెట్టుకున్న బెయిలు కాగితం తీశాడు. మడతల దగ్గర చిరిగిపోయింది.

జడ్జిగారికి కోపం ఆగలేదు. "హమాలీకి ఇరవై వేల షూరిటీలు ఇద్దరా!" సూపరింటెండెంట్ వైపు తిరిగారు. "బెయిలొచ్చినా ఏడు రోజుల్లో మనిషి బయటికి రాకపోతే లీగల్ సర్వీసెస్ వాళ్లకు చెప్పాలని 2023లోనే సుప్రీంకోర్టు చెప్పింది కదా?"

"చెప్పాం సార్. షరతు సడలించమని ఆ కోర్టుకు కూడా లెటర్ పంపాం. రెండుసార్లు."

"రెండుసార్లు రాసినా పలకని ఆ జడ్జి ఎవరు?" పెన్ను క్యాప్ తీసి, హమాలీ వైపు చూశారు. "భయపడకు. పేరు చెప్పు, రాసుకుంటాను."

ఆ మనిషి గాభరాగా చేతులు జోడించాడు. "వద్దు సార్. ఆ సార్ మంచోడు. గరీబోడు, పోనియ్యండని కోర్టుల అందరి ముంగట అన్నడు. నేను దండం బెట్టిన."

"మంచోడే కావచ్చు. ఎవరో చెప్పు."

"మీ పేరు నాకెట్ల ఎరుకయితది సార్?"