రాజ్యాంగ జబ్బు

మిలట్రీ నుంచి కొడుకు తిరిగొచ్చాడు. నల్లపెట్టె తెచ్చాడు, చెవిలో ఎవరో తిడుతున్నారన్న భయం తెచ్చాడు, ఒక కాగితమూ తెచ్చాడు. తల్లి దాన్ని ఊళ్లో పంతులుగారికి చూపించింది. ఆయన కళ్లజోడు సవరించుకుని, "స్కిజోఫ్రీనియా... కాన్‌స్టిట్యూషనల్ డిజార్డర్" అని కూడబలుక్కుని, "రాజ్యాంగ జబ్బమ్మా" అన్నాడు.

పంతులుగారి ఇంగ్లీషు తప్పింది. మెడికల్ బోర్డు భాషలో ఆ మాటకు అర్థం ఒంటి తత్వం, అంటే పుట్టుకతో వచ్చిన పీడ. మిలట్రీ వల్ల రాలేదు, మిలట్రీలో ముదరలేదు, కాబట్టి వైకల్య పింఛను రాదు. దోషం తాతముత్తాతలది. సంజాయిషీ అడుగుదామంటే వాళ్లు బోర్డుకు హాజరు కాలేదు.

ఎంత గొప్ప వైద్యమో చూడండి. చేరిన నాడు ఈ కుర్రాణ్ణి 1.6 కిలోమీటర్లు పరుగెత్తించారు. ఊపిరి పీల్చమని, ఛాతీ 5 సెంటీమీటర్లు ఉబ్బిందో లేదో టేపుతో కొలిచారు. సంతలో కోడెను చూసినట్టు నోరు తెరిపించి పళ్లు చూశారు. మోకాళ్లు ఒరుసుకుంటున్నాయేమో, అరికాళ్లు చదునుగా ఉన్నాయేమో తడిమి తడిమి చూసి, 'ఫిట్' అని రాశారు. తాత ఆ రోజు ఎక్కడ నక్కాడో! మంచులో కాపలాలు, నిద్రలేని రాత్రులు, చెల్లెలి పెళ్లికి దొరకని సెలవు... ఇన్నేళ్లయ్యాక మతి చెదిరేసరికి మాత్రం తాత ఠక్కున దొరికిపోయాడు. కండలు పెరిగితే మిలట్రీ ఘనత, మతి చెడితే అమ్మ కడుపు దోషం!

అదీ చాలకపోతే ఇంకో అస్త్రం ఉంది: జబ్బు బయటపడ్డప్పుడు నువ్వున్నది పీస్ స్టేషన్‌లో కదా! నిజమే, బుద్ధి లేని బుర్ర. చెడేదేదో సరిహద్దులో, శత్రువు ఎదురుగా, ఇద్దరు సాక్షుల ముందు చెడి ఉండాల్సింది.

పాత రూల్సు మాత్రం వేరే పాట పాడేవి. చేరేటప్పుడు జబ్బని రాసి లేకపోతే ఆరోగ్యంగా చేరినట్టే, రుజువు చేసే బరువు జవాను మీద లేదు, అనుమానం ఉంటే మేలు అతనికే అన్నవి 1982 నాటి నిబంధనలు. మూర్ఛతో ఇంటికి పంపిన ఒక జవాను కేసులో సుప్రీంకోర్టు 2013లో వీటినే మళ్లీ చదివి వినిపించాల్సొచ్చింది. అదే ఏడాది ఇంకొకాయన కథ. 1972లో చేరాడు, 1977లో స్కిజోఫ్రీనియా అని పంపేశారు. డాక్టరుగారు ఆయన తీరు గురించి రాసిందల్లా కొట్లాటకోరు, చిరాకు మనిషి, దుడుకువాడు అని. ఆ లెక్కన మా వీధి కుళాయి దగ్గర సగం మందిని బోర్డవుట్ చెయ్యొచ్చు. మళ్లీ పరీక్షించండని కోర్టు చెప్పేసరికి 36 ఏళ్లు గడిచాయి. కారణం రాయకుండా తోసిపుచ్చితే చెల్లదని, 2025లో మరో స్కిజోఫ్రీనియా కేసులో మళ్లీ మొదటినుంచి చెప్పాల్సొచ్చింది.

ప్రతి మతిజబ్బునూ మిలట్రీయే అంటించిందని ఎవరూ అనరు. 2019లో ఒక జవానుకు సుప్రీంకోర్టే పింఛను కాదంది. కాదనండి, తప్పులేదు. కాకపోతే ఎందుకు కాదో నాలుగు ముక్కలు రాయండి. రబ్బరు స్టాంపుకు ఎంబీబీఎస్ ఎందుకు?

ఇక పోరాటం ఎవరు చెయ్యాలంటారా? చెవిలో గొంతులు వినిపించే మనిషే. మొదటి అప్పీలు, రెండో అప్పీలు, ఆపైన ట్రిబ్యునల్, అన్నిటి గడువులూ ఆయనకే గుర్తుండాలి. ఖర్మం చాలక గెలిస్తే, సర్కారువారు పైకోర్టుకెళతారు. శత్రువు దగ్గర వెనక్కి తగ్గని సైన్యం, సొంత జవాను దగ్గర మాత్రం ఎలా తగ్గుతుంది?

ఆ కాగితం ఇప్పుడు బియ్యం డబ్బాలో ఉంది. పంతులుగారి తర్జుమా తప్పన్నాను కదా, ఆ మాట వెనక్కి తీసుకుంటున్నాను. మందు ఏళ్ల కిందటే రాసి ఉంది, మింగదు. కోర్టులు చెప్పినప్పుడల్లా కాస్త తగ్గినట్టుంటుంది, మళ్లీ తిరగబెడుతుంది. రాజ్యాంగ జబ్బే! వచ్చింది మాత్రం కుర్రాడికి కాదు.