పేషీల చిన్నాయన

మా చిన్నాయనను 'ఎట్లున్నవ్?' అని అడగకూడదు. 'పేషీ ఎప్పుడు?' అని అడగాలి. ఆయన ఆరోగ్యం అందులోనే తెలిసిపోతుంది. తారీఖు దగ్గర్లో ఉంటే ముఖం కళకళలాడుతుంది. కోర్టుకు వేసవి సెలవులిచ్చారంటే మోకాళ్ల నొప్పులు మొదలవుతాయి.

ఇలాంటి మనిషి లేని ఊరు ఉండదు. పూడూరు మండలంలో మా ఊరికి ఆ లోటు లేకుండా ఈయన చూసుకుంటున్నాడు. కేసు గెట్టు పంచాయితీ. పక్క పొలం మామ నాగలి అర గుంట ఇవతలికి జరిగిందని ఈయన దావా, లేదు నీ గెట్టే అవతలికి జరిగిందని ఆయన జవాబు. గుంటంటే 121 గజాలు, అందులో సగం. అక్కడ పండే కందులు ఒక్క పేషీ ఖర్చుకు చాలవు. అయినా 2022లో తాండూరు కందికి జీఐ గుర్తింపు వచ్చిందని పేపర్లో పడగానే, 'చూసినవా బిడ్డా, దావా భూమికి ఇలువ పెరిగింది' అన్నాడు.

ఆయన మంచం కింద ఒక రేకు పెట్టె ఉంటుంది. పెళ్లిలో చిన్నమ్మ పుట్టింటివాళ్లు పెట్టిన పెట్టె. అందులో చీరలుండాల్సిన చోట పహాణీలు, నక్షాలు, నకళ్లు, రిజిస్టర్ పోస్టు రసీదులు. అన్నిటికంటే అడుగున చీరల దుకాణం కవర్లో చుట్టిన సేత్వారు, అంటే పాత భూమి రికార్డు, నకలు. అది ఉర్దూలో ఉంటుంది. చిన్నాయనకు అలిఫ్ కూడా రాదు. కానీ కళ్లు మూసుకున్నా సరే, కుడి నుంచి ఎడమకు వేలు జరుపుతూ పోయి ఒక చోట ఆపుతాడు. 'ఇగో, మా తాత.' ఉర్దూ వచ్చిన పెద్దమనిషి ఒకాయన చూసి, వేలు ఆగింది సరిగ్గా పేరు మీదేనని సాక్ష్యం చెప్పాడు. ఆ ముక్క కూడా కాగితం మీద రాయించి సంతకం పెట్టించుకున్నాడు.

క్రిమినల్ కేసులంటే ఆయనకు చిన్నచూపు. 2024 జూలై 1 నుంచి ఐపీసీ పోయి భారతీయ న్యాయ సంహిత వచ్చినప్పుడు, 'రాత్రికి రాత్రి సెక్షన్ల నెంబర్లు మారిపోతయ్, అదేం చట్టం? సివిల్ ప్రొసీజర్ కోడ్ చూడు, 1908 కెల్లి అట్లనే ఉన్నది. నేను సివిల్ మనిషిని' అని తేల్చేశాడు. అవతలివాళ్లు తనకు తెలియకుండా స్టే తెచ్చుకుంటారేమోనని, ఫోను రీఛార్జి చేయించినట్టు తొంభై రోజులకోసారి కేవియట్ వేయిస్తాడు. సమాచార హక్కు దరఖాస్తుకు ఊరి స్థాయిలో ఫీజు లేదని ఆయనకు తెలిసిన రోజే మా పంచాయతీ కార్యదర్శికి గ్రహపాటు పట్టుకుంది.

ఇంట్లో కూడా ఇదే వరస. పెళ్లి కార్డు వస్తే ముహూర్తం చూడడు, ఎన్వలప్ మీద పోస్టాఫీసు ముద్ర చూస్తాడు. కూరలో ఉప్పెక్కువైతే 'ముందస్తు నోటీసు లేకుండ' అని మొదలుపెడతాడు. చిన్నమ్మ కూడా నలభై ఏళ్లుగా ఇదే కోర్టులో ఉంది కదా, 'తుది విచారణ దాక నీ బువ్వ మీద స్టే' అని గిన్నె లోపల పెడుతుంది. ఆ స్టే ఎత్తేయించడం ఏ వకీలు తరమూ కాలేదు.

అవతలి పక్షం మామతో ఈయనకున్న దోస్తీ చూస్తే, వీళ్లది కేసా, వియ్యమా అనిపించేది. మన్నెగూడ చౌరస్తాలో వికారాబాద్ బస్సు ముందెవరు ఎక్కితే వాళ్లు రెండోవాళ్లకు తువ్వాలేసి సీటు ఆపేవారు. కోర్టు గేటు దాకా బావాబామ్మర్దులు, గేటు దాటితే వాది ప్రతివాదులు. ఆ మామ పోయిన రోజు చిన్నాయన నిజంగానే వెక్కి వెక్కి ఏడ్చాడు. ఏడ్చి, కళ్లు తుడుచుకుని, పెద్దకొడుకు పక్కన కూలబడి, 'బిడ్డా, మీ అక్క పూర్తి పేరేంది? ఏ ఊరికిచ్చిన్రు?' అని అడిగాడు. ప్రతివాది పోతే తొంభై రోజుల్లో వారసులను కేసులో చేర్చాలి, లేకపోతే దావా పడిపోతుంది. 'మీ నాయనెట్లాగు పోయిండు, కేసు కూడ పోతే మనకు ఇగేం మిగుల్తది?' అన్నాడట. కొడుకు పేర్లన్నీ రాసిచ్చాడు. ఇప్పుడు బస్సులో తువ్వాలేసేది ఆ కొడుకే.

వకీల్ సాబ్ ఈ కేసు పట్టినప్పుడు జూనియర్. ఇప్పుడు ఆయన కొడుకే ఆయనకు జూనియర్. ఆ పిల్లవాడు ఫైలు తిరగేస్తుంటే చిన్నాయన పక్కనుంచి ఏ కాగితం ఎన్నో ఎగ్జిబిటో చెబుతుంటాడు. వేసవిలో కింది కోర్టుల్లో నల్లకోటు వేసుకోకపోయినా ఫరవాలేదని బార్ కౌన్సిల్ నియమం ఉంది. కానీ చిన్నాయన పేషీ ఉన్న రోజు ఏప్రిల్ ఎండల్లోనైనా పాపం వకీల్ సాబ్ కోటు వేసుకునే రావాలి. 'కోటు లేకుంటే అది సలహా, ఫీజెందుకు?' అని ఒకసారి సగమే చేతిలో పెట్టాడు మరి.

లోకజ్ఞానమంతా ఆయనకు కోర్టు గుమ్మం నుంచే. హైదరాబాద్ అప్పా జంక్షన్ నుంచి మన్నెగూడ దాకా 46 కిలోమీటర్ల రోడ్డు విస్తరణ మర్రిచెట్ల కోసం నేషనల్ గ్రీన్ ట్రిబ్యునల్‌కెక్కి ఏళ్లపాటు ఆగింది. అప్పట్లో హైదరాబాద్ బస్సు ఆ చెట్ల కింద నుంచి వెళ్తుంటే చిన్నాయన కిటికీలోంచి తల వంచి చూసేవాడు. 'మనకంటే పెద్ద కేసు వీటిది' అనేవాడు గౌరవంగా. దామగుండం అడవిలో నేవీ రేడియో కేంద్రానికి 2024 అక్టోబరులో రక్షణమంత్రి రాజ్‌నాథ్ సింగ్ శంకుస్థాపన చేసినప్పుడు, అది సముద్రంలో మునిగున్న జలాంతర్గాములతో మాట్లాడుతుందని నేను వివరించబోయాను. 'నీళ్ల కిందికి ఖబరు పోతదా? నాకు కోర్టు నకలు ఇంటి దాక రాకపాయె' అన్నాడు. అదే ఏడాది మార్చిలో రాజేంద్రనగర్‌లో వంద ఎకరాల్లో కొత్త హైకోర్టుకు పునాదిరాయి పడితే మాత్రం స్వీట్లు పంచాడు. మూసీ ఒడ్డు నుంచి హైకోర్టు మన రోడ్డు దిక్కు జరుగుతోందట. గెట్టు జరిగితే ఒప్పుకోడు కానీ హైకోర్టు జరిగితే ఒప్పుకుంటాడు.

ఇంత ఎగతాళి చేశాను కానీ, ఒక ముచ్చట చెప్పకపోతే పాపం. 2020 అక్టోబరులో ధరణి వచ్చాక ఊళ్లో ఎందరివో పట్టాలు చిక్కుల్లో పడ్డాయి. ఒకరి భూమి వివాదాల పార్ట్-బిలో, ఒకరిది నిషేధిత జాబితాలో, ఒకరికి విస్తీర్ణం తక్కువ. ధరణితో పాటు వచ్చిన చట్టం తహసీల్దారు, ఆర్డీవోల దగ్గరి రెవెన్యూ కోర్టులను ఎత్తేసింది. ఎవరిని అడగాలో తెలియక జనం మా చిన్నాయన అరుగు మీదికొచ్చారు. ఎవరికి ఖాస్రా పహాణీ నకలు కావాలి, ఎవరు సాదాబైనామా కాగితం జాగ్రత్త చేసుకోవాలి, ఎవరు వకీలు దగ్గరికి పోకుండా ఊరుకోవడం మేలు, అన్నీ విడమరచి చెప్పాడు. తీసుకున్నది ఒక్కొక్కరి దగ్గర ఒక్కో చాయ. 2025 ఏప్రిల్లో భూభారతి వచ్చి అప్పీళ్లకు మళ్లీ దారి తెరిస్తే, ఊరంతా భూమి చక్కబడుతుందని సంబరపడింది. ఈయన మాత్రం 'అప్పీలు తిరిగొచ్చింది' అని పొంగిపోయాడు.

నేనేమీ తక్కువ తినలేదు. హైదరాబాద్ అపార్ట్‌మెంట్లో పక్కాయన కారు టైరు నా పార్కింగ్ తెల్లగీత మీద జానెడు ఎక్కితే, నాలుగు దిక్కుల నుంచి ఫొటోలు తీసి తేదీల వారీగా ఫోల్డర్ చేసుకున్నాను. రక్తం ఎక్కడికి పోతుంది?

మొన్న చిన్నాయన కేసును లోక్ అదాలత్‌లో పెట్టారు. అవతలి కొడుకు సై అన్నాడు. అర గుంటను చెరి సగం చేసుకుని మధ్యన రాయి పాతాలి, కట్టిన కోర్టు ఫీజు కూడా వాపసు. వకీల్ సాబ్ రాజీ పత్రం ముందుకు జరిపితే చిన్నాయన పెన్ను మూత తీశాడు. తీసి, 'సాబ్, దీని మీద అప్పీలుకు ఎన్ని రోజుల టైము?' అని అడిగాడు. లోక్ అదాలత్ అవార్డు మీద అప్పీలు ఉండదు పటేలా, అన్నాడు వకీలు. చిన్నాయన పెన్ను జేబులో పెట్టుకుని లేచొచ్చేశాడు.

'మీదికి పోనీకి దారి లేని తీర్పు కింద మనిషెట్ల బతుకుతడే?' అన్నాడు ఇంటికొచ్చి, కాళ్లు కడుక్కుంటూ.

'లగ్గమైనకాన్నుంచి నా కింద బతుకుతలేవా?' అంది చిన్నమ్మ.