పది శాతం పాండిత్యం

వర్సిటీ క్యాంటీన్లో ఇద్దరు రీసెర్చ్ స్కాలర్లు ఎదురుపడితే షుగర్ పేషెంట్లలా పలకరించుకుంటున్నారు. "నీకెంత వచ్చింది?" "ముప్పై ఎనిమిది. నీకు?" "పదకొండురా. ఇంకొక్కటి దిగితే గట్టెక్కుతా." థీసిస్ దేని మీద అని మాత్రం ఎవరూ ఎవర్నీ అడగరు. అది మర్యాద కాదు.

ఈ అంకెలన్నీ యూజీసీ 2018లో తెచ్చిన నిబంధనల చలవ. పరాయి రాతలతో పోలిక 10 శాతం దాటకపోతే శిక్ష లేదు. 40 దాకా అయితే ఆరు నెలల్లోపు దిద్దుకు రావాలి. 60 దాకా అయితే దిద్దింది పట్టుకొచ్చినా ఏడాది దాకా పుచ్చుకోరు. అదీ దాటితే రిజిస్ట్రేషనే రద్దు. వరసగా 14 మాటల వరకు కలిస్తే యాదృచ్ఛికమని వదిలేసే దయ కూడా అందులో ఉంది. అంటే పద్నాలుగో మాట దాకా కాకతాళీయం, పదిహేనో మాట చౌర్యం. మన ధర్మశాస్త్రాలు కూడా పాపాన్ని ఇంత నిక్కచ్చిగా కొలవలేకపోయాయి.

కొలిచేది మాటల్నే అని తెలిశాక తెలివైనవాడు ఆలోచన ఎందుకు మార్చుకుంటాడు? మాట మారుస్తాడు. గేటు ఎదురుగా 'జిరాక్స్, స్పైరల్ బైండింగ్' బోర్డు కింద 'ప్లేజియరిజం తగ్గించబడును' అన్న కొత్త లైను అందుకే వెలిసింది. 60తో లోపలికి వెళ్లినవాడు టీ తాగొచ్చేసరికి 8తో బయటపడతాడు. సాఫ్ట్‌వేర్‌లో పేరా పోస్తే ప్రతి మాటకూ పర్యాయపదం రాలుతుంది.

అవధానంలో నిషిద్ధాక్షరి తెలుసుగా? పృచ్ఛకుడు ఈ అక్షరం వద్దంటే అవధాని మరో అక్షరంతో పద్యం నడిపిస్తాడు. ఇక్కడ పృచ్ఛకుడూ సాఫ్ట్‌వేరే, అవధానీ సాఫ్ట్‌వేరే. స్కాలరు ఖర్చులు భరించే సభాధ్యక్షుడు. పాత అవధానికి పాపం అర్థం చెడకూడదన్న చాదస్తం ఒకటుండేది. ఇప్పుడా బాదరబందీ లేదు.

అంతా సుఖంగా సాగుతుంటే 2021లో కబనాక్, లబ్బే, మగజినోవ్ అనే ముగ్గురు పరిశోధకులు చేయకూడని పని చేశారు. జర్నళ్లలో అచ్చయిన పేపర్లు చదివారు! రచయితలు చదవనివి, రివ్యూయర్లు చదవనివి, వీళ్లెందుకు చదవాలి? చదివి, చిత్రహింసల పాలైన పదబంధాలంటూ ఒక జాబితా తీశారు. ఆర్టిఫిషియల్ ఇంటెలిజెన్స్ 'కౌంటర్‌ఫీట్ కాన్షియస్‌నెస్' అయింది, అంటే దొంగ స్పృహ. సిగ్నల్ టు నాయిస్ నిష్పత్తి 'ఫ్లాగ్ టు కమోషన్' అయింది. జెండాకూ గలాభాకూ నిష్పత్తి అన్నమాట. మన పార్టీల బహిరంగ సభలకు ఇంతకన్నా శాస్త్రీయమైన కొలమానం ఇంతవరకు లేదు. కంప్యూటర్ సైన్సు వాళ్ల యాంట్ కాలనీ, అంటే చీమల దండు, భూగర్భ పురుగుల రాష్ట్రంగా అవతరించింది. ఇంకా ప్రత్యేక హోదా అడగలేదు, అదృష్టం. ఇక బ్రెస్ట్ క్యాన్సర్ 'బూజమ్ పెరిల్' అయింది. మన భాషలో ఎద గండం.

ఇవి ఏ చెట్టుకింద ప్రెస్సులోనో అచ్చయినవి కావు. పేరున్న ప్రచురణకర్తల జర్నళ్లలోకే దర్జాగా నడిచివెళ్లాయి. కబనాక్ బృందం ఇలాంటి మాటల కోసం ఓ జల్లెడ కూడా తయారుచేసింది, దాని పేరు ప్రాబ్లమాటిక్ పేపర్ స్క్రీనర్. పాపం మన జిరాక్స్ షాపువాడు ఇక ఎద గండానికి కూడా పర్యాయపదం వెతుక్కోవాలి.

మన వైవా గదికి ఇలాంటి థీసిస్ ఒకటి వచ్చిందనుకోండి. ఎక్స్‌టర్నల్ గారు ఏ కళనున్నారో, భోజనాల ముందు ఒక పేజీ తెరిచారు.

"ఏమ్మా, ఈ ఎద గండానికి ఆపరేషన్ చేయించాలంటావా, గ్రహశాంతి చేయించాలంటావా?"

"మొత్తం ఎనిమిది శాతమే వచ్చిందండీ సార్."

ఆయన రిపోర్టు తిరగేశారు. సీలు చూశారు, సంతకం చూశారు. కళ్లజోడు తీసి, గైడు గారికి వినపడకుండా కాస్త ముందుకు వంగారు.

"మా పిల్లలంతా పన్నెండు దగ్గరే ఆగిపోతున్నారు. నువ్వెక్కడ చేయించావమ్మా?"