లికర్, లిక్కర్, నడుమ ఒక స్ట్రాబెర్రీ

లికర్ రుచి పట్టించిన స్ట్రాబెర్రీలను చాక్లెట్‌లో ముంచి, ఇంట్లోనే, పది నిమిషాల్లో, మూడే మూడు పదార్థాలతో సిద్ధం చేయవచ్చుననే సిద్ధాంతం ఏటా ఫిబ్రవరి మొదటి వారంలో తలెత్తి, పద్నాలుగో తేదీ రాత్రి సింకులో నానుతున్న గిన్నెల సాక్షిగా కాలం చేసి, మళ్లీ ఏడాది తిరిగేసరికి ఒంటిమీద ఒక్క గీత కూడా లేకుండా పునర్జన్మ ఎత్తుతూ ఉంటుంది. షికాగో నగరంలోని ఒక దుకాణంలో 1960లలో పుట్టిందని చెప్పుకునే ఈ చాక్లెట్ తొడుగు పండు అమెరికాలో ప్రేమికుల దినోత్సవపు ఆనవాయితీగా స్థిరపడి, అక్కడి తెలుగు ఇళ్లను పలకరించి, చివరకు మహాబలేశ్వరం నుంచి ప్లాస్టిక్ పెట్టెల్లో దిగే స్ట్రాబెర్రీల పుణ్యమా అని హైదరాబాదు వంటిళ్లకూ చేరింది. చేరడంలో తప్పేమీ లేదు. మిరపకాయ కూడా సముద్రాలు దాటి వచ్చినదే. అయితే మిరపకాయ తనతోపాటు విశేషణాలు తెచ్చుకోలేదు. ఈ పండు మాత్రం ఇంట్లో చేసినదనీ, సులువైనదనీ, లికర్ రుచి గలదనీ మూడు బిరుదులు తగిలించుకుని మరీ వచ్చింది.

చివరి బిరుదుతో మొదలుపెట్టడం ఉచితం, ఎందుకంటే పండుకు పరువు తెచ్చిపెట్టేది అదే. లికర్ అంటే దించిన మద్యానికి పండ్ల తొక్కలో, మూలికలో, కాఫీయో, మీగడో చేర్చి, దండిగా చక్కెర కలిపిన పానీయం. ఐరోపా సమాఖ్య నిబంధనల ప్రకారం అందులో కనీసం 15 శాతం ఆల్కహాలూ, సాధారణంగా లీటరుకు 100 గ్రాములకు తక్కువ కాకుండా చక్కెరా ఉండాలి. నారింజ తొక్కల లికర్లలో పేరున్నవి 40 శాతం వరకూ పోతాయి, ఐర్లండు మీగడ లికర్ 17 శాతం దగ్గర ఆగుతుంది. ఇక లిక్కర్ అంటే ఏమిటో తెలుగు పాఠకులకు వివరించవలసిన అవసరం లేదు; దినపత్రికల మొదటి పేజీలు ఆ పని ఎప్పుడో పూర్తి చేశాయి. రెండు మాటలకూ నడుమ ఉన్న దూరం ఒక్క క వత్తు. వత్తు ఉంటే కేసు, వత్తు తీస్తే కేకు. ఏజెన్సీలో ఇప్పపువ్వు నానబెట్టి దించినదానికి నాటుసారా అన్న పేరూ, ఫ్రాన్సులో నారింజ తొక్కలు నానబెట్టి దించినదానికి లికర్ అన్న పేరూ రావడంలో రసాయన శాస్త్రం పాత్ర బహు స్వల్పం.

ఈ వత్తు మహిమ తెలుగునాట మరింత విలువైనది కావడానికి చరిత్ర కూడా ఒక కారణం. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్లు సారా కొట్ల మీదికి నడిచారు, 1993లో సారా నిషేధం వచ్చింది, 1995లో సంపూర్ణ మద్యనిషేధం వచ్చి 1997లో సడలిపోయింది. ఇంత జరిగిన చోట ఇంటిల్లిపాదీ కూర్చున్న హాల్లోకి సీసా తేవడం ఇప్పటికీ కష్టమే గాని, పళ్లెంలో పండుగా తేవడానికి అడ్డు చెప్పేవారు లేరు. ఆ సదుపాయం వంటింటి గడప వరకే వర్తిస్తుందని 2024 సెప్టెంబరులో హైదరాబాదు జూబ్లీహిల్స్‌లో విస్కీ కలిపిన ఐస్‌క్రీమ్ అమ్ముతున్న దుకాణం మీద ఎక్సైజ్ అధికారులు దాడి చేసినప్పుడు తేలింది. పండు పుట్టిన అమెరికాలో సైతం, అర శాతానికి మించి ఆల్కహాలున్న మిఠాయిని, అమ్మే రాష్ట్రం అనుమతిస్తే తప్ప, కేంద్ర చట్టం కల్తీ సరుకుగానే లెక్కగడుతుంది.

ఇంట్లో చేసినదన్న బిరుదు మీద ఎక్కువ సిరా ఖర్చు చేయనక్కరలేదు. ఆ పండు మూలంలోకి వెళితే, స్పెయిన్ కోటల గుట్టు తెలుసుకు రమ్మని ఫ్రాన్సు రాజు పంపిన ఫ్రెజియే అనే సైనిక ఇంజనీరు చిలీ నుంచి 1714లో మోసుకొచ్చిన పెద్దకాయల మొక్క, ఉత్తర అమెరికా నుంచి వచ్చిన మరో మొక్కతో ఐరోపా తోటల్లో సంకరమైతే పుట్టినదే నేటి స్ట్రాబెర్రీ. వృక్షశాస్త్రం లెక్కలో అరటిపండు బెర్రీ అవుతుంది గాని ఇది కాదు, పైన కనిపించే గింజలే దాని అసలు పండ్లు, లోపలి ఎర్రని కండ పూవును మోసిన పీఠం. చాక్లెట్ సంగతి సరేసరి: ఏలూరు జిల్లాలో కొబ్బరి, ఆయిల్‌పామ్ తోటల నీడన అంతరపంటగా పండే కోకో గింజలను రైతు రోజుల తరబడి పులియబెట్టి ఎండబెడితే, ఫ్యాక్టరీ వాటిని వేయించి, నూరి, 1879లో స్విట్జర్లాండుకు చెందిన రోడోల్ఫ్ లింట్ కనిపెట్టిన కాంచింగ్ పద్ధతిలో, అంటే వెచ్చని యంత్రంలో గంటల తరబడి తిప్పుతూ నునుపు తేల్చే ప్రక్రియలో నలిపితే గాని పలక తయారు కాదు. లికర్ ఎటూ సీసాలోనే వచ్చింది. ఇంట్లో జరిగినదల్లా ముంచడం. ముంచడాన్ని తయారీగా ఒప్పుకునే పక్షంలో టీలో బిస్కెట్టు ముంచేవారందరూ బేకరీ యజమానులే.

సులువన్న రెండో బిరుదు దగ్గర మాత్రం ఆగి చూడాలి, ఎందుకంటే అసలు మోసం అక్కడ ఉంది. చాక్లెట్ అనేది కోకో వెన్నలో తేలుతున్న చక్కెర, కోకో రేణువుల సముదాయం. అందులో నీరు దాదాపు ఉండదు. కరిగిన చాక్లెట్‌లో రెండు మూడు నీటిచుక్కలు పడితే చక్కెర రేణువులు తడిసి, జిగురెక్కి, ఒకదాన్నొకటి పట్టుకుని, అప్పటిదాకా పట్టులా జాలువారిన పదార్థం క్షణాల్లో తడిసిన ఇసుకముద్దలా బిగుసుకుపోతుంది. ఈ బిగింపును వృత్తిలో ఉన్నవారు చాక్లెట్ సీజ్ కావడం అంటారు. ఎక్సైజ్ వారు చేసే సీజుతో దీనికి సంబంధం లేదు గాని, నష్టం మాత్రం రెండింటిలోనూ సరుకు యజమానిదే. ఇప్పుడు వంటకం చెప్పే మూడు పదార్థాలను పక్కపక్కన పెట్టి చూస్తే, నీరు గిట్టని చాక్లెట్, నూటికి 91 పాళ్లు నీరే అయిన పండు, నీళ్లూ ఆల్కహాలూ చక్కెరా కలిసిన లికర్ కనిపిస్తాయి. పెళ్లిచూపుల్లోనే ఇరుపక్షాలూ కొట్టుకున్న సంబంధానికి పది నిమిషాల్లో ముహూర్తం పెట్టించగల ధైర్యం వంటకాలు రాసేవారికే చెల్లింది.

విచిత్రమేమిటంటే, నీరు ఎంతటి శత్రువో తెలుగు ఇంటికి ఎవరూ నేర్పవలసిన పని లేదు. ఆవకాయ పెట్టే రోజున మామిడికాయలను కడిగి, పొడిబట్టతో ఒక్కొక్కటినీ తుడిచి, ముక్కలు కొట్టించాక లోపలి జీడి పొర తీసి మళ్లీ తుడిచి, జాడీని ఎండలో పెట్టి, తడిచేతితో దగ్గరికి వచ్చిన పిల్లవాణ్ణి గుమ్మంలోనే ఆపేసే ఇల్లే, ఫిబ్రవరిలో స్ట్రాబెర్రీలను కుళాయి కింద కడిగి, తొడిమల కింద నీళ్లు నిలిచి ఉండగానే చాక్లెట్ గిన్నెలోకి దించి, ఆపైన అదే గిన్నెలోకి చెంచాడు లికర్ ఒంపి, ఇది ఎందుకు ఇలా అయిందని ఆశ్చర్యపోతుంది. ఒక చెంచాతో చెడిన చాక్లెట్ మరో నాలుగైదు చెంచాలు పోస్తే మళ్లీ జారుగా కుదురుకుంటుందన్నది నిజమే. కాని అలా కుదురుకున్నది సాస్ అవుతుంది, పండు మీద పెళుసుగా బిగిసే పెంకు కాదు.

గిన్నెలో ఒక్క చుక్క పడకపోయినా సులువు సిద్ధించదు. కోకో వెన్న ఆరు రకాల స్ఫటికాలుగా గడ్డకట్టగలదు. వాటిలో దాదాపు 34 డిగ్రీల దగ్గర కరిగే ఐదో రకం ఒక్కటే నిగనిగలాడుతుంది, విరిస్తే టక్కుమంటుంది, వేలికి అంటదు. ఆ ఒక్కదాన్నే పిలిపించుకోవడానికి డార్క్ చాక్లెట్‌ను 45 నుంచి 50 డిగ్రీల దాకా వేడిచేసి, 27 దగ్గరికి చల్లార్చి, తిరిగి 31, 32కు తెచ్చే విద్యను టెంపరింగ్ అంటారు. ఇది చేయకుండా మైక్రోవేవ్‌లో గిర్రున తిప్పి ముంచితే పెంకు గంటల తరబడి ఆరక, ఆరిన తర్వాత వెలిసిన గోడలా బూడిదరంగు చారలు తేలుతుంది. ఇదీ కొత్త విద్య కాదు: అరిసెల పాకాన్ని నీళ్లలో వేసి వేలితో కూడదీసి మెత్తని ఉండ అవుతుందా అని చూసి దించే చేతికీ, వేరుశనగ పాకం పళ్లానికి కొడితే టంగుమనేదాకా ఆగే చేతికీ థర్మామీటరు లేకుండానే ఇలాంటి తేడాలు తెలుసు. తేడా అల్లా, అరిసెలు సులువని ఏ నాయనమ్మా చెప్పలేదు. ఈ చిక్కును దాటడానికి చాలా ఇళ్లలో వాడుతున్నది నిజానికి చాక్లెట్ కాదు, బేకరీ సామాన్ల కొట్లో దొరికే కాంపౌండ్ పలక, అంటే కోకో వెన్న స్థానంలో వేరే వనస్పతి కొవ్వు పోసినది. దానికి టెంపరింగ్ అక్కరలేదు, నోట్లో చక్కగా కరగాలన్న పట్టింపూ లేదు.

ఇక లికర్ పండులోకి ప్రవేశించే మార్గాలు. నానబెట్టడం మొదటిది: చక్కెరా ఆల్కహాలూ కలిసి పండులోని నీటిని బయటికి లాగేస్తాయి, పండు మెత్తబడి పైన తడి ఊరుతుంది, ఆ తడి మీద పెంకు నిలవదు. రెండోది మందుల దుకాణంలో కొన్న సిరంజి. దీని వర్ణన చదివినవారికి వంటిల్లో, వార్డో తేల్చుకోవడం కష్టం. పండు నడిమి బోలులోకి మహా అయితే ఒక మిల్లీలీటరు పడుతుంది, సూది తీయగానే అందులో కొంత అదే రంధ్రం గుండా తిరుగు ప్రయాణం కడుతుంది. ఒక్క చుక్కా కారలేదని ఉదారంగా ఒప్పుకున్నా లెక్క ఇలా ఉంటుంది: 40 శాతం లికర్ ఒక మిల్లీలీటరులో ఆల్కహాలు 0.4 మిల్లీలీటరు, భారతీయ విస్కీ 42.8 శాతం కనుక 30 మిల్లీలీటర్ల పెగ్గులో ఉండేది దాదాపు 12.8, అంటే ఒక చిన్న పెగ్గుకు సమానం కావాలంటే 32 పండ్లు తినాలి. మీగడ లికర్ అయితే 75. అప్పటికి మనిషిని పడగొట్టేది చాక్లెట్టే. మత్తు మాట అటుంచి, రుచి కోసమే అనుకున్నా, పుల్లని పండు రసానికీ చేదు చాక్లెట్‌కూ నడుమ ఆ ఒక్క మిల్లీలీటరు గొంతు వినిపించడం, కల్యాణ మండపంలో బ్యాండుకూ నాదస్వరానికీ నడుమ పురోహితుడి మంత్రం వినిపించినంతే.

లికర్‌నూ చాక్లెట్‌నూ కలపడం అసాధ్యమని దీని అర్థం కాదు. వేడి మీగడలో చాక్లెట్ కరిగించి చేసే గనాష్ అనే ముద్దలో లికర్ హాయిగా ఇముడుతుంది, ఎందుకంటే అక్కడ నీరు ముందే తగు పాళ్లలో ఉంది. ఐరోపా మిఠాయివారు ఇంకా కష్టమైనది చేస్తారు: ఆరబెట్టిన పిండి పళ్లెంలో గుంటలు అచ్చొత్తి, లికర్ కలిపిన చిక్కటి చక్కెర పాకాన్ని వాటిలో పోసి, పైన పిండి జల్లి వదిలేస్తే, గంటలు గడిచేకొద్దీ పాకం అంచులు తమంతట తామే స్ఫటికమై పలచని చక్కెర గుల్ల కడతాయి, లోపల ద్రవం ద్రవంగానే ఉంటుంది, మధ్యలో ఒకసారి తిప్పి, మర్నాడు పిండి దులిపి, అప్పుడు చాక్లెట్‌లో ముంచుతారు. అందులో సిరంజి లేదు, పది నిమిషాలూ లేవు. తయారైన ముక్కను కొరికినప్పుడు నాలుక మీద పగిలే ఆ గుల్ల ముందు, కారుతున్న పండును టిష్యూ కాగితంతో ఒత్తి ఫొటోకు నిలబెట్టే సులువు పద్ధతి తల ఎత్తలేదు.

ఫొటో తర్వాతి ఘట్టాన్ని వంటకాలు ప్రస్తావించవు. ఫిబ్రవరి మధ్యాహ్నం విజయవాడలో బల్ల మీద ఉంచితే పెంకు మెత్తబడుతుంది, ఫ్రిజ్‌లో పెట్టి తీస్తే గాలిలోని తేమ దానిమీద చెమటలా పడుతుంది. కొరికిన మొదటి గాటుకే పెంకు రెండు ముక్కలై ఒకటి చొక్కా మీదా ఒకటి సోఫా మీదా దిగుతుంది, పండు చేతిలో ఒంటరిగా మిగులుతుంది. అంతటి శ్రమకు ఇరవై పండ్లకు పట్టిన లికర్ ఇరవై మిల్లీలీటర్లు. సీసా మాత్రం 750 మిల్లీలీటర్లది. మిగిలిన 730 గురించి వంటకం ఒక్క ముక్క కూడా రాయదు. వంట ఆసాంతం మైక్రోవేవ్ పక్కనే నిలబడి మహా ఓపికగా సాయం చేసిన గృహస్థు కూడా ఆ మాట ఎత్తడు.