కంటిలో కాపురము

నాకు ప్రాణము లేదు; అయినను ప్రాణముగల కంటిలో ఏండ్ల తరబడి కాపురము చేయుచున్నాను. 6 మిల్లీమీటర్ల వ్యాసముగల నిర్మలమైన చిన్న బిళ్ళను నేను. ఇరుప్రక్కల వంపు తిరిగిన సన్నని తీగలు రెంటిని కలుపుకొని కొలిచినచో నా నిడివి రమారమి 13 మిల్లీమీటర్లు. పాలీమిథైల్ మెథాక్రిలేట్ అను ప్లాస్టిక్కు నా దేహద్రవ్యము. డాక్టరు గోవిందప్ప వెంకటస్వామిగారు 1976లో మదురైయందు స్థాపించిన అరవింద నేత్రవైద్యశాలకు అనుబంధముగా 1992లో వెలసిన ఆరోలాబ్ కర్మశాల నా జన్మస్థానము. అంతకుముందు విదేశములనుండి వచ్చు ఇట్టి కృత్రిమకటకమును కొనుట మన దేశపు బీదలకు శక్యము కాకుండెను. ఆ వెలలో స్వల్పభాగమునకే నావంటివానిని సిద్ధపరచుటకు ఆ కర్మశాల పూనుకొనుటచేతనే, గుంటూరు సీమలో మిరపతోటలకు కూలికి పోవు ఒక వృద్ధురాలి కుడికంటికి నేను చేరగలిగితిని.

నా వంశచరిత్ర యుద్ధముతో మొదలగును. రెండవ ప్రపంచసంగ్రామమున బ్రిటిషు యుద్ధవిమానములకు గుండ్లు తగిలినపుడు వైమానికుని చుట్టునున్న పారదర్శకమైన ప్లాస్టిక్కు కప్పు పగిలి, దాని తునకలు కన్నులలో గ్రుచ్చుకొనుచుండెను. అట్టి క్షతగాత్రులను పరీక్షించిన హెరాల్డ్ రిడ్లీ అను ఆంగ్ల నేత్రవైద్యుడు, పరాయివస్తువు దూరినంతనే ఎఱ్ఱబారి వాచవలసిన కన్ను ఈ ప్లాస్టిక్కు తునకలను మాత్రము సహించి ఊరకుండుట గమనించెను. శుక్లమును తీసివేయుటయే కాని దాని స్థానమున మరియొక కటకము నుంచరేమని ఒక విద్యార్థి అడిగిన ప్రశ్నయు ఆయన మనస్సున నాటుకొనెనందురు. 1949 నవంబరు 29వ తేదీన లండనులోని సెయింట్ థామస్ వైద్యశాలలో 45 ఏండ్ల స్త్రీ కంటిలో ఆయన మా మూలపురుషుని ప్రవేశపెట్టెను. శస్త్రక్రియ నెరవేరెను కాని లెక్క తప్పెను: కటకపు శక్తి మితిమీరుటచే ఆమెకు దాదాపు 18 డయాప్టర్ల హ్రస్వదృష్టి ప్రాప్తించెను. పిమ్మట అమర్చినవానిలో కొన్ని తమ బరువుచే వెనుకకు జారిపోయెను. కొన్ని కన్నులు వాచెను. కొన్నింటిలో పీడనము పెరిగి నీటికాసులకు దారితీసెను. జారునను భయముచే ఇతరులు నల్లగుడ్డు ముందరి గదిలో నిలిపిన కటకములు మరింత కీడు చేసెను. కార్నియా లోపలితట్టున, నశించినచో తిరిగి పుట్టని కణముల పొర ఒకటి కలదు. ఆ పొర క్షీణించి, కార్నియా నీరుపట్టి, బయటి వెలుగు లోపలికి రాకుండ తెల్లబారెను. స్పెయిను దేశమున జోక్విన్ బర్రాకెర్ అంతటి నిపుణుడు తాను అమర్చినవానిలో రమారమి సగమును మరల పెకలించి తీయవలసివచ్చెను. ప్రముఖులు పలువురు ఈ పద్ధతిని గర్హించిరి. ఆ గర్హణలో న్యాయము కలదని ఆ వంశమున పుట్టిన నేనే అందును. ఏలయన, ఆ కన్నులలో చెడినది ఏమో ఓపికతో వెదకినవారే నా ఆకృతిని, నా బరువును, నేనుండదగిన చోటును నిర్ణయించిరి. రిడ్లీగారికి 2000లో సర్ బిరుదము లభించెను. తన కన్నులకు శుక్లములు వచ్చినపుడు ఆయనయు కటకమునే అమర్చుకొనెను.

నేనున్న కంటి యజమానురాలిని ఊరివారు పెద్దమ్మ అని పిలుతురు. ఆమె తల్లికి పూర్వపద్ధతిలో శుక్లము తీసి, కటకము పెట్టక, సోడాబుడ్డి కళ్ళద్దములు ఇచ్చిరట. వానిలో వస్తువులు పెద్దవిగా, దగ్గరగా కనబడుటచే చెంబు నందుకొనబోయి శూన్యమును పట్టుకొనెడిదనియు, ప్రక్కనుండి వచ్చు బండి అద్దపు అంచున మాయమై హఠాత్తుగా ఎదుట ప్రత్యక్షమయ్యెడిదనియు ఈమె మనుమరాలికి చెప్పుచుండగా వింటిని. నా రాకతో ఈమెకు ఆ బాధ తప్పినది. నేత్రచికిత్సా శిబిరమున వైద్యురాలు తెల్లగుడ్డులో చిన్న సొరంగము తీర్చి, గట్టిపడి గోధుమవన్నె తిరిగిన సహజకటకమును వెలికిదీసి, దానిని చుట్టియున్న పలుచని సంచిని మాత్రము చిరుగనీయక నిలిపి, నన్నందులో కూర్చుండబెట్టెను. కుట్లు అవసరము కాలేదు. కొన్ని వారములు గడచినపిమ్మట పెద్దమ్మ కళ్ళములో కూర్చుండి ఎఱ్ఱకాయలనుండి తాలుకాయలను ఏరుటకు మొదలిడెను. రంగు తెలియనివారికి ఆ పని లేదు. ఆ పని లేనినాడు ఆమెకు కూలి లేదు.

ఆనాడే ఆ శిబిరముననే శస్త్రచికిత్స పొందిన ఒక వృద్ధుని కంటిలో నా సహోదరకటక మొకటి కుదురుకొనెను. మూడవనాటికి ఆయన కన్ను ఎఱ్ఱబారి, రెప్ప వాచి, కణతలలో పోటు పుట్టెను. ఆపరేషను చేసిన కన్ను కొంత నొప్పిపెట్టుట సహజమేకదా యని ఇంటివారు ఓదార్చి, నందివర్ధనపు పూలు తెచ్చి రెప్పలపై కప్పిరి. చల్లదనము కలిగెను, చూపు మాత్రము గంటగంటకు తరిగెను. వైద్యశాలకు చేర్చునప్పటికి నల్లగుడ్డు అడుగున తెల్లని చీము పేరుకొనియుండెను. వెలుతురున్నదో లేదో చెప్పుటకంటె ఎక్కువ చూపు మిగిలియుండలేదు. కంటిలోపల సూక్ష్మజీవులు చేరి వృద్ధిపొందు ఈ ఉపద్రవమును ఎండాఫ్తాల్మైటిస్ అందురు. ఇది అరుదైనదే, కాని వచ్చినచో జాగు సహింపదు. కంటి లోతున నిండియుండు విట్రియస్ అను జిగురుపదార్థమున రక్తనాళములు లేవు. క్రిములు చొచ్చినచో వానిని ఎదిరించు బలగము అక్కడికి శీఘ్రముగా రాజాలదు, పైనుండి వేయు చుక్కల మందును చాలినంత చేరజాలదు. అందుచే మందును సూదిద్వారా కంటిలోనికే ఎక్కింపవలెను, కొందరికి ఆ జిగురును తొలగించు శస్త్రచికిత్సయు చేయవలెను. అదియు ఆలస్యము కాకుండ.

ఆయన కన్ను దక్కలేదు. "లెన్సు పడలేదు" అని బంధువులు నా సహోదరుని నిందించిరి. నేను ఎంతో దుఃఖించితిని; నింద తగిలినందులకు కాదు, ఆ మాటతో విచారణ ముగిసిపోయినందులకు. క్రిమి ఎచ్చటనుండి వచ్చినది? కన్ను కడిగిన ద్రవముననుండియా, సరిగా శుద్ధిచేయని పనిముట్టుననుండియా, రోగి రెప్పవెండ్రుకల మొదళ్ళనుండియా? కోతకు ముందు 5 శాతపు పొవిడోన్ అయొడిన్ చుక్కలతో కంటిని శుద్ధిచేయుట, చివర సూక్ష్మజీవనాశకమైన మందును కంటి ముందరి గదిలో వదలుట ఈ ప్రమాదమును తగ్గించునని నేడు వైద్యలోకమెఱుగును. ఆ వృద్ధుని విషయమున వీనిలో ఏది జరిగెనో, ఏది లోపించెనో అడిగినవారు లేరు.

నాకు కలిగిన ఆపద అంత క్రూరమైనది కాదు. అందుచేతనే చాలకాలము ఉపేక్షింపబడెను. సహజకటకమును ఎంత శ్రద్ధతో తీసినను సంచిగోడకు అంటుకొని కొన్ని సజీవకణములు మిగులును. అవి మెల్లగా వృద్ధిపొంది నా వెనుకనున్న పొరపైకి ప్రాకి, ముత్యములవలె గుంపులుగా ఉబ్బి, ఆ పొరను ముడుతలు పడజేయును. నేను నిర్మలముగానే ఉంటిని. నా గుండా వచ్చిన వెలుగు నా వెనుకనే చెదరిపోవుచుండెను. పెద్దమ్మకు ఎదురెండ కంటిలో పడినచో సమస్తమును తెల్లని పొగ ఆవరించెను. ఎఱ్ఱకాయయు తాలుకాయయు ఒక్కటైనవి.

"పెద్దమ్మా, నీ గంపలో తాలు కలుస్తోంది. రేపటినుంచి రావద్దులే" అని మేస్త్రి మెత్తగానే చెప్పెను.

"అత్తా, ఒకసారి కంటాసుపత్రికి పోదాం" అని కోడలు బ్రతిమాలెను.

"శుక్లం మళ్ళీ వచ్చిందే. ఇంకోసారి కోయించుకునే ఓపిక నాకు లేదు. ఉన్నన్నాళ్ళు ఇట్టాగే గడుస్తాయి."

ఆ మాటతో ఒక మిరపపంట గడచిపోయెను. తీసివేసిన శుక్లము తిరిగి రాదనియు, వచ్చునది వెనుకపొర మసకయనియు, దానికి కోతయే అక్కరలేదనియు ఆమెకు ఎవరును చెప్పియుండలేదు. తుదకు కోడలి పోరు పడలేక వెళ్ళినపుడు డాక్టరమ్మ కనుపాపను మందుతో విప్పారజేసి చూచి, "ఇది శుక్లం కాదు పెద్దమ్మా, లెన్సు వెనకాల పొర వచ్చింది. కోసేది లేదు, కట్టు లేదు. గడ్డం ఇక్కడ ఆనించి కదలకుండా కూర్చో" అనెను. యాగ్ లేజరు కిరణము కంటికి కనబడదు. గురి కుదుర్చుటకు మాత్రము ఎఱ్ఱని చుక్క తోడుండును. ఒక్కొక్క మెఱుపునకు పొర ఒక్కొక్కచోట చిట్లి, నడుమ చిన్న గవాక్షము తెరచుకొనెను. ఒక మెఱుపు గురి ఇంచుక ముందుకు పడి నా వెనుకతట్టున సూదిమొనంత గుంట చేసినది. దానివలన చూపునకు హాని లేదు. కొన్ని నిమిషములలో పని ముగిసెను. కంటి పీడనము కొలిచి, కంటిలో మెఱుపులు మెఱసినను, నల్లని చుక్కలు జల్లుగా రాలినను, ఒకప్రక్కనుండి తెర దిగినట్లు తోచినను రెటీనా ఊడుచుండవచ్చును గనుక ఆనాడే రావలెనని మరీమరీ చెప్పి పంపిరి.

ఇతర ఉపద్రవములును కలవు. సంచిని పట్టియుంచు సన్నని దారములు బలహీనమైనచో ఏండ్లు గడచిన తరువాతనైనను మావంటివారము ప్రక్కకు జారుదుము. అప్పుడు మమ్ము సరిదిద్దవలెను, లేదా మార్చవలెను. చక్కెరవ్యాధిగలవారికి శస్త్రచికిత్స జరిగిన కొన్ని వారములకు రెటీనా నడిమిభాగమున నీరు చేరి, తిన్నని గీతలు వంకరగా కనబడుట కద్దు.

శిబిరము ముగిసిననాడు ఎన్ని కన్నులకు శస్త్రచికిత్స జరిగెనో ఫలకముపై వ్రాయుదురు. ఆ లెక్క గొప్పదే. ఆ సంఖ్యలో పెద్దమ్మయు ఉన్నది. కాని ఆ వృద్ధుడును అందులోనే ఉన్నాడు! ఆరు వారములకు ఎన్ని కన్నులు చూచుచున్నవి, ఏడాదికి ఎన్ని మసకబారినవి, నొప్పితో తిరిగివచ్చినవారెందరు అను రెండవ లెక్కను అదే ఫలకముపై వ్రాయవలెనని నా ప్రార్థన. పెద్దమ్మకు ఇచ్చిన చీటీలో చుక్కలు వేయు వేళలు మాత్రమే ఉండెను. ఎప్పుడు మరల రావలెనో, కన్ను చెడినచో ఎవరిని పిలువవలెనో లేదు. కట్టు విప్పుటతో చికిత్స పూర్తియైనదని రోగి తలచినచో ఆ తప్పు రోగిది కాదు.

మొన్న పొరుగింటామె వచ్చి, "అక్కా, నెల క్రితం నాకూ లెన్సు వేశారు కదా, గుమ్మం కమ్మీ వంకరగా కనబడతంది, నీకు వచ్చిన పొరేనా?" అని అడిగెను. "పొరో ఇంకోటో మనకేం తెలుసు? పొద్దున్న బస్సుకే పోదాం పద" అని పెద్దమ్మ ఆమెను వెంటబెట్టుకొని వెళ్ళెను. చూడగా కటకము వెనుకనున్న పొర స్వచ్ఛముగనే ఉన్నది. రెటీనా నడుమ నీరు చేరినది. చుక్కల మందునకును చక్కెర పరీక్షకును వ్రాసి ఇచ్చి, మరల రమ్మనిరి. రావలసిన తేదీయు, పిలువవలసిన ఫోను నంబరును చీటీపై వేయించుకొనువరకు పెద్దమ్మ ఆ బల్లయెదుటనుండి కదలలేదు.